అట్రాసిటీ కేసులో నిందితులు ముందస్తు బెయిల్‌కు వెళ్తే బాధితులు ఏం చేయాలి?

"యాక్టులో ముందస్తు బెయిలే లేదన్నారు కదా, మరి వాళ్లకెలా వచ్చింది?" అట్రాసిటీ కేసు పెట్టిన కుటుంబాలు ఎక్కువగా అడిగే ప్రశ్న ఇది. దీని వెనకే ఇంకోటి వస్తుంది. "కోర్టులో బెయిల్ వాదనలు జరిగాయని మాకెవరూ చెప్పలేదు. వాళ్లు ఊళ్లో తిరుగుతుంటే తెలిసింది."

ఈ రెండూ జరగకుండా ముందే చేసుకోగల పనులున్నాయి. వాటిని ఎస్సీ, ఎస్టీ బాధితుల వైపు నుంచి వరసగా రాస్తున్నాను. కేసు ఎదుర్కొంటున్నవాళ్లకు కూడా కోర్టు ఏం చూస్తుందో ఇందులో తెలుస్తుంది.

చట్టం గురించి కొంచెం

ఎస్సీ, ఎస్టీ అత్యాచారాల నిరోధక చట్టం (1989) సెక్షన్ 18 ప్రకారం ఈ చట్టం కింది నేరాలకు ముందస్తు బెయిల్ (అరెస్టుకు ముందే తెచ్చుకునే బెయిల్) వర్తించదు. ఆ సెక్షన్‌లో పాత సీఆర్‌పీసీ (నేర విచారణ పద్ధతి చట్టం) 438 అని ఉంటుంది. 2024 జులై 1 నుంచి దాని స్థానంలో కొత్త చట్టం బీఎన్‌ఎస్‌ఎస్‌లోని 482 వచ్చింది. 2018 మార్చిలో సుప్రీంకోర్టు ఈ నిషేధాన్ని సడలించింది. దానిపై ఏప్రిల్ 2న భారత్ బంద్ జరిగింది, ఆగస్టులో పార్లమెంటు 18ఏ సెక్షన్ తెచ్చి నిషేధాన్ని మళ్లీ గట్టి చేసింది. 2020 ఫిబ్రవరి 10న పృథ్వీరాజ్ చౌహాన్ కేసులో సుప్రీంకోర్టు 18ఏ చెల్లుతుందని చెప్పింది. అయితే ఒక మాట కలిపింది: ఫిర్యాదు చదివితే ఈ చట్టం కింద నేరం జరిగినట్టు ప్రాథమికంగా కనబడకపోతే, నిషేధం వర్తించదు.

ముందస్తు బెయిళ్లు వస్తున్నది ఆ ఒక్క సందులోంచే. కాబట్టి బెయిల్ విచారణలో అసలు తగువు ఒకటే: మీ ఫిర్యాదులో నేరం కనబడుతోందా, లేదా? నిందితుడు మంచివాడా చెడ్డవాడా, ఊళ్లో ఎంత పలుకుబడి ఉంది అన్నవి ఆ తర్వాతి సంగతులు.

దగ్గర పెట్టుకోవాల్సినవి

- ఎఫ్ఐఆర్ కాపీ. ఫిర్యాదుదారుకు ఉచితంగా ఇవ్వాలి.
- మీరు రాసిచ్చిన ఫిర్యాదు జిరాక్స్ లేదా ఫోన్‌లో ఫొటో. ఎఫ్ఐఆర్‌లో దాన్ని ఎత్తి రాసేటప్పుడు మాటలు జారిపోవచ్చు, అందుకే రెండూ కావాలి.
- కుల ధ్రువీకరణ పత్రం. లేకపోతే ఈ రోజే మీసేవలోనో సచివాలయంలోనో దరఖాస్తు చేయండి.
- దెబ్బలుంటే ఆసుపత్రి కాగితాలు. ఫొటోలు, వీడియోలు ఉంటే ఒరిజినల్ ఫోన్‌లో అలాగే ఉంచి, ఇంకోచోట కాపీ పెట్టుకోండి.
- కేసు దర్యాప్తు చేస్తున్న డీఎస్పీ (కమిషనరేట్‌లో అయితే ఏసీపీ) పేరు, ఆఫీసు నంబరు. ఈ కేసుల దర్యాప్తు డీఎస్పీ స్థాయికి తగ్గిన అధికారి చేయకూడదు.
- ఈ కేసులు విచారించే జిల్లా ప్రత్యేక కోర్టులో స్పెషల్ పీపీ (ప్రభుత్వం తరఫున వాదించే లాయరు) పేరు, ఆఫీసు ఎక్కడుందో.

1. ఫిర్యాదులో ఏముందో మళ్లీ చదవండి

ఇంకా ఫిర్యాదు ఇవ్వకపోతే మీకు మంచి అవకాశం ఉంది. ఇచ్చేసి ఉంటే, ఎందుకు లోటు పడిందో తెలుసుకోడానికి చదవండి. ఈ అడుగు మీద ఎక్కువ సమయం పెట్టమంటాను, ఎందుకంటే మిగతావన్నీ దీని మీదే నిలబడతాయి.

కింది విషయాలు స్పష్టంగా ఉండాలి:

మీ కులం లేదా తెగ ఏమిటి. నిందితులు ఎస్సీలూ ఎస్టీలూ కారు అన్న మాట. చాలా ఫిర్యాదుల్లో మొదటిది ఉంటుంది, రెండోది ఉండదు. "వాళ్లు ఫలానా కులస్తులు" అని ఒక్క వాక్యం రాస్తే సరిపోయే చోట, అది లేకపోవడాన్నే నిందితుల లాయరు పట్టుకుంటాడు.

మీ కులం వాళ్లకు తెలుసన్న సంగతి. ఒకే ఊరా, పొలం పక్కపక్కనా, ఒకే ఆఫీసులో పనా, రాయండి. నిందితుడికి బాధితుడితో గానీ కుటుంబంతో గానీ వ్యక్తిగత పరిచయం ఉంటే, కులం తెలుసనే కోర్టు భావించాలని సెక్షన్ 8(సీ) చెబుతోంది. ఆ పరిచయం ఫిర్యాదులో ఉంటేనే ఆ సెక్షన్ మీకు అక్కరకొస్తుంది.

అన్న మాటలు అన్నట్టుగానే. "కులం పేరుతో దూషించారు" అని పోలీసులు మర్యాదగా కుదించి రాస్తారు. అలా వద్దు. ఎంత చెప్పుకోలేని మాటైనా, ఎవరు ఏమన్నారో అదే రాయండి. నలుగురు నిందితులుంటే ఏ మాట ఎవరిదో విడిగా చెప్పండి. "అందరూ కలిసి తిట్టారు" అని రాస్తే, ముగ్గురికి బెయిల్ దారి తెరిచినట్టే.

స్థలం, చూసినవాళ్లు. కులదూషణకు సంబంధించిన 3(1)(ఆర్), 3(1)(ఎస్) సెక్షన్లకు సంఘటన నలుగురికీ కనబడే చోట జరిగి ఉండాలి. 2008లో స్వరణ్ సింగ్ కేసులో సుప్రీంకోర్టు చెప్పిన దాని ప్రకారం, ప్రైవేటు స్థలమైనా రోడ్డు మీంచి కనబడుతుంటే, లేదా ఇంటి లోపలైనా బంధుమిత్రులు కాని బయటివాళ్లు ఉంటే ఆ షరతు తీరుతుంది. 2020లో హితేశ్ వర్మ కేసులో మాత్రం, బయటివాళ్లెవరూ లేకుండా నాలుగు గోడల మధ్య జరిగిందని ఆ సెక్షన్ నిలవలేదు. కాబట్టి "మా ఇంటి దగ్గర" అని వదిలేయకుండా "మా ఇంటి ముందు సిమెంటు రోడ్డు మీద, ఎదురింటి ఫలానావాళ్లు, కిరాణా కొట్టు ఫలానాయన చూస్తుండగా" అని రాయండి. నిజంగా అక్కడున్నవాళ్ల పేర్లు మాత్రమే.

ఆలస్యం అయితే కారణం. ఆసుపత్రిలో ఉన్నారా, పెద్దమనుషులు పంచాయితీ అని ఆపారా, స్టేషన్‌లో తీసుకోలేదా, ఉన్నదున్నట్టు రాయండి.

ఇంకో ముఖ్యమైన సంగతి. కొట్టడం, గాయపరచడం, బెదిరించడం, దారి అడ్డగించడం వంటి నేరాలకు 3(2)(వీఏ) సెక్షన్ పడుతుంది. దానికి "నలుగురికీ కనబడే చోటు" అన్న షరతు లేదు. బాధితులు ఎస్సీ లేదా ఎస్టీ అని తెలిసి చేశారా అన్నదే ప్రశ్న. భూమి లాక్కోవడానికి 3(1)(ఎఫ్), (జీ), సాంఘిక బహిష్కరణకు 3(1)(జెడ్‌సీ) ఉన్నాయి. ఎఫ్ఐఆర్‌లో (ఆర్), (ఎస్) మాత్రమే రాసి, కొట్టిన సంగతిని మామూలు సెక్షన్ల కింద వదిలేశారేమో చూడండి. అలా ఉంటే 3(2)(వీఏ) కలపమని డీఎస్పీకి వెంటనే అర్జీ ఇచ్చి, తీసుకున్నట్టు రసీదు పుచ్చుకోండి.

హెచ్చరిక: లోటు పూడ్చాలని జరగనిది కలపకండి. మొదట చెప్పని తిట్టు, మొదట లేని సాక్షి పది రోజుల తర్వాత వస్తే కోర్టు మొత్తం ఫిర్యాదునే అనుమానిస్తుంది. మొదట చెప్పినా పోలీసులు రాయనిది, భయంతో చెప్పలేకపోయినది ఉంటే, దర్యాప్తు అధికారి ముందు అదనపు వాంగ్మూలం ఇవ్వండి. మేజిస్ట్రేటు ముందు బీఎన్‌ఎస్‌ఎస్ 183 కింద వాంగ్మూలం నమోదు చేయించమని కూడా కోరొచ్చు.

2. పిటిషన్ పడిందేమో మీరే వెతకండి

నోటీసు వచ్చేదాకా ఆగొద్దు. ఎఫ్ఐఆర్ నమోదైన మర్నాటి నుంచే రోజూ చూడండి.

ఫోన్‌లో ఈకోర్ట్స్ సర్వీసెస్ యాప్ వేసుకోండి. రాష్ట్రం, జిల్లా, కోర్టు కాంప్లెక్స్ ఎంచుకుని, ఎఫ్ఐఆర్ నంబరుతో వెతికే చోట పోలీస్ స్టేషన్, నంబరు, సంవత్సరం ఇవ్వండి. అక్కడ దొరక్కపోతే నిందితుల పేర్లతో వెతకండి. బెయిల్ పిటిషన్ జిల్లా కోర్టులో సాధారణంగా క్రిమినల్ ఎంపీగా (మిసలేనియస్ పిటిషన్), హైకోర్టులో క్రిమినల్ పిటిషన్‌గా నంబరవుతుంది. నిందితులు నేరుగా హైకోర్టుకు కూడా వెళ్లొచ్చు కాబట్టి, మీ రాష్ట్రాన్ని బట్టి అమరావతిలోని ఏపీ హైకోర్టు లేదా హైదరాబాద్‌లోని తెలంగాణ హైకోర్టు వెబ్‌సైట్‌లో కూడా చూడాలి. ఒకచోటే చూసి ఊరుకోవడం చాలామంది చేసే పొరపాటు.

పిటిషన్ పైన "482" అని కనబడితే ఏది 482 అని అడగండి. పాత సీఆర్‌పీసీ 482 అంటే కేసు కొట్టేయమని అడగడం. కొత్త బీఎన్‌ఎస్‌ఎస్ 482 అంటే ముందస్తు బెయిల్. కేసు కొట్టేయమనే పిటిషన్‌కు ఇప్పుడు సెక్షన్ 528. కొందరు ముందస్తు బెయిల్ అడగకుండా ఈ 528 కింద వెళ్లి, తేలేదాకా అరెస్టు ఆపమంటారు. అలాంటి ఉత్తర్వులు మామూలుగా ఇచ్చేయకూడదని 2021 ఏప్రిల్‌లో నీహారిక ఇన్‌ఫ్రాస్ట్రక్చర్ కేసులో సుప్రీంకోర్టు హైకోర్టులకు చెప్పింది. మీ లాయరుకు ఈ కేసు పేరు గుర్తుచేయండి.

కేవియట్ (మాకు చెప్పకుండా ఉత్తర్వు ఇవ్వొద్దని ముందే వేసే అర్జీ) వేస్తే చాలని కొందరు చెబుతారు. కేవియట్ సివిల్ చట్టంలోది, క్రిమినల్ కేసుల్లో దానికి అలాంటి నిబంధన లేదు. డబ్బు కట్టి, కేవియట్ ఉందని ధీమాగా కూర్చోకండి.

3. స్పెషల్ పీపీకి రాతపూర్వకంగా చెప్పండి

అట్రాసిటీ చట్టం సెక్షన్ 15ఏ(3) ప్రకారం బెయిల్ విచారణ సహా ప్రతి విచారణ గురించీ బాధితులకు సరైన సమయంలో నోటీసు అందాలి. చెప్పాల్సిన బాధ్యత స్పెషల్ పీపీది లేదా ప్రభుత్వానిది. 15ఏ(5) ప్రకారం బెయిల్ మీద మీ మాట కోర్టు వినాలి, రాతపూర్వకంగానూ ఇవ్వొచ్చు. 2021 అక్టోబరులో హరిరామ్ భాంభీ కేసులో సుప్రీంకోర్టు ఈ నోటీసు తప్పనిసరి అని చెప్పి, బాధితులకు తెలపకుండా ఇచ్చిన బెయిల్‌ను రద్దు చేసింది.

ఒక కాగితం మీద ఇలా రాసి, స్పెషల్ పీపీకి, దర్యాప్తు అధికారికి ఇచ్చి, కాపీ మీద సంతకం, తేదీ, స్టాంపు వేయించుకోండి:

"ఫలానా పోలీస్ స్టేషన్, క్రైమ్ నంబరు ఫలానా కేసులో నేను ఫిర్యాదుదారును. నిందితులు ఏ కోర్టులో బెయిల్ పిటిషన్ వేసినా సెక్షన్ 15ఏ(3) ప్రకారం నాకు ముందుగా నోటీసు ఇవ్వాలని, 15ఏ(5) ప్రకారం నా వాదన వినిపించే అవకాశం ఇవ్వాలని కోరుతున్నాను. నా చిరునామా, ఫోన్ నంబరు ఇవి."

తీసుకోకపోతే అదే కాగితం రిజిస్టర్డ్ పోస్టులో పంపండి. ఆ రసీదు మీకు తర్వాత పనికొస్తుంది.

పెద్ద హెచ్చరిక: కానిస్టేబుల్ ఇంటికొచ్చి "నోటీసు ముట్టినట్టు సంతకం పెట్టండి" అంటే, పెట్టేముందు మొత్తం చదవండి, చదవలేకపోతే చదివించుకోండి. "బెయిల్ ఇవ్వడానికి నాకు అభ్యంతరం లేదు" అన్న వాక్యం అందులో ఉండొచ్చు. ఖాళీ కాగితం మీద అసలు పెట్టొద్దు. సంతకం పక్కన మీ చేత్తోనే తేదీ, సమయం, "నాకు అభ్యంతరం ఉంది, కోర్టులో చెబుతాను" అని రాసి, కాగితాన్ని ఫొటో తీసుకోండి.

4. లాయరును పెట్టుకోండి. డబ్బు లేదని ఆగొద్దు

ఎస్సీ, ఎస్టీలకు ఆదాయంతో సంబంధం లేకుండా ఉచిత న్యాయ సహాయం ఉంది. జిల్లా కోర్టు ఆవరణలో ఉండే జిల్లా న్యాయ సేవాధికార సంస్థకు కుల పత్రం, ఎఫ్ఐఆర్ కాపీతో వెళ్లండి. ఫోన్ నంబరు 15100. అట్రాసిటీల జాతీయ హెల్ప్‌లైన్ 14566. హైకోర్టులో పిటిషన్ పడితే హైకోర్టు న్యాయ సేవల కమిటీని అడగాలి.

ఇంకో దారి కూడా ఉంది, చాలామందికి తెలియదు. ఈ చట్టం అమలుకు చేసిన 1995 నిబంధనల్లో రూల్ 4(5) ప్రకారం, బాధితులు కోరితే పేరున్న సీనియర్ అడ్వకేట్‌ను కలెక్టరు నియమించవచ్చు. హత్య, అత్యాచారం, ఇళ్ల దహనం వంటి పెద్ద కేసుల్లో ఈ అర్జీ తప్పకుండా పెట్టమంటాను.

స్పెషల్ పీపీ ఉండగా మనకు లాయరెందుకు అనుకోవద్దు. మంచి పీపీలు ఉన్నారు. కానీ వాళ్ల చేతిలో ఫైళ్లు చాలా ఉంటాయి, మీ వాకిట్లో ఏ అరుగు రోడ్డుకు కనబడుతుందో వాళ్లకు తెలియదు.

5. రాతపూర్వక అభ్యంతరం సిద్ధం చేయండి

తెలుగులో మీరే రాసుకోండి, లాయరు కోర్టు పద్ధతిలో వేస్తారు. రెండు మూడు పేజీలు దాటొద్దు. ఇందులో ఏడుపు, కోపం కన్నా పాయింట్లు ముఖ్యం.

మొదట, నేరం ఎక్కడెక్కడ కనబడుతోందో ఫిర్యాదులోని మాటలనే చూపిస్తూ రాయండి: కులం, తెలిసి చేయడం, మాటలు, చోటు, సాక్షులు. తర్వాత, అందువల్ల సెక్షన్ 18, 18ఏ నిషేధం వర్తిస్తుందని. ఆ తర్వాత, ఫిర్యాదు ఇచ్చాక వచ్చిన బెదిరింపులు తేదీలతో సహా.

నిందితుల వైపు నుంచి ఎక్కువగా వచ్చే వాదనలకు ముందే జవాబు పెట్టుకోండి. "ఇది భూమి తగాదా, కులంతో సంబంధం లేదు" అంటారు. భూమి తగాదా ఉన్నంత మాత్రాన కులదూషణ జరగలేదని కాదు, ఫిర్యాదులోని మాటలు చూపించండి. "సాక్షులు వాళ్ల బంధువులే, వైద్య నివేదిక కలవడం లేదు" అంటారు. అవి విచారణలో తేలాల్సినవి. 2025 సెప్టెంబరులో మహారాష్ట్ర నుంచి వచ్చిన కిరణ్ కేసులో సుప్రీంకోర్టు సరిగ్గా ఇదే చెప్పింది. ఎన్నికల్లో తాము చెప్పినట్టు ఓటెయ్యలేదని ఇంటి బయట కొట్టి తిట్టిన ఆ కేసులో బాంబే హైకోర్టు ఇచ్చిన ముందస్తు బెయిల్‌ను రద్దు చేస్తూ, బెయిల్ దశలోనే మినీ ట్రయల్ (సాక్ష్యాలు తూచే చిన్నపాటి విచారణ) నడపకూడదంది.

అవతలి వాళ్లు ఆగస్టు 2024 నాటి షాజన్ స్కారియా తీర్పు చూపొచ్చు. తిట్లు పడ్డ వ్యక్తి ఎస్సీ అని తెలిసినంత మాత్రాన సరిపోదు, కులం కారణంగా అవమానించే ఉద్దేశం కనబడాలని ఆ తీర్పు సారం. అన్న మాటలు అన్నట్టుగానే రాయమని నేను పదేపదే చెప్పేది ఇందుకే. ఉద్దేశం ఆ మాటల్లోనే ఉంటుంది.

కోస్తా జిల్లాల్లో ఎక్కువగా వచ్చే వాదన, "వాళ్లు చర్చికి వెళ్తారు, ఎస్సీలు కారు" అని. 2025లో ఏపీ హైకోర్టు ఒక పాస్టర్ కేసులో, క్రైస్తవంలోకి మారిన వ్యక్తి ఈ చట్టం కింద రక్షణ కోరలేడని చెప్పింది. మీ పరిస్థితి దానికి దగ్గరగా ఉంటే లాయరుకు మొదటి రోజే నిజం చెప్పండి. ఎస్టీలకు మాత్రం మతంతో ముడి లేదు.

6. విచారణ రోజు కోర్టులో ఉండండి

పొద్దున్నే వెళ్లి కాజ్ లిస్టులో (ఆ రోజు కేసుల జాబితాలో) నంబరు చూసుకోండి. లాయరు చేత వకాల్తా (మీ తరఫున వాదించడానికి మీరిచ్చే అధికార పత్రం), అభ్యంతరం వేయించండి. లాయరు అందకపోతే, కేసు పిలిచినప్పుడు నిలబడి "నేను ఫిర్యాదుదారును, 15ఏ(5) కింద నా మాట వినండి, లాయరు కోసం చిన్న వాయిదా ఇవ్వండి" అని చెప్పండి. భయపడాల్సిన పని లేదు, అది చట్టం ఇచ్చిన హక్కు. 15ఏ(12) ప్రకారం సంఘాల వాళ్ల సాయం తీసుకోవచ్చు. 15ఏ(10) ప్రకారం విచారణను వీడియో రికార్డు చేయాలి, అది జరుగుతోందా అని లాయరు చేత అడిగించండి.

వాయిదా వేస్తే, అప్పటిదాకా అరెస్టు చేయొద్దని మధ్యంతర ఉత్తర్వు ఏమైనా ఇచ్చారా అని తప్పక కనుక్కోండి. చాలా కుటుంబాలు "వాయిదా పడింది" అన్నంతవరకే విని ఇంటికొచ్చేస్తాయి.

7. ఉత్తర్వు వచ్చాక సరిచూసుకోండి

ఫోన్‌లో విన్నదాన్ని నమ్మొద్దు. ఉత్తర్వు యాప్‌లోంచి దించుకోండి, సర్టిఫైడ్ కాపీకి అదే రోజు దరఖాస్తు చేయండి. అందులో చూడాల్సినవి: మీకు నోటీసు ఇచ్చినట్టు రాశారా? మీ అభ్యంతరం ప్రస్తావన ఉందా? నేరం ఎందుకు కనబడలేదో కారణం చెప్పారా, లేక సెక్షన్ 18 ఊసే ఎత్తకుండా ఇచ్చారా? ఏ నిందితుడికి, ఏ షరతులతో ఇచ్చారు?

పిటిషన్ కొట్టేస్తే వెంటనే అరెస్టు జరుగుతుందనుకోవద్దు. ఏడేళ్ల లోపు శిక్షపడే నేరాల్లో పోలీసులు బీఎన్‌ఎస్‌ఎస్ 35(3) కింద నోటీసు ఇచ్చి వదిలేయొచ్చు. 3(1) కింది నేరాలకు గరిష్ఠ శిక్ష సాధారణంగా ఐదేళ్లే. ముందస్తు బెయిల్ లేకపోవడం వేరు, అరెస్టు తప్పనిసరి కావడం వేరు. బెదిరింపులు, సాక్షుల మీద ఒత్తిడి ఉంటే, అరెస్టు ఎందుకు అవసరమో ఆధారాలతో డీఎస్పీకి, ఎస్పీకి రాయండి. ఇంకోటి, నిందితులు లొంగిపోయి అదే రోజు మామూలు బెయిల్ అడగొచ్చు. దానికీ మీకు నోటీసు ఇవ్వాలి. కాబట్టి 2వ అడుగులోని వెతుకులాట ఆపకండి.

బెయిల్ ఇచ్చేస్తే రెండు వేర్వేరు దారులు ఉన్నాయి. ఉత్తర్వే తప్పైతే (నోటీసు లేదు, నిషేధాన్ని పట్టించుకోలేదు) ప్రత్యేక కోర్టు ఉత్తర్వు మీద సెక్షన్ 14ఏ కింద 90 రోజుల్లోపు హైకోర్టులో అప్పీలు చేయాలి. బెయిల్ ఇచ్చింది హైకోర్టే అయితే సుప్రీంకోర్టుకు వెళ్లాలి. ఉత్తర్వు సరైనదే కానీ నిందితుడు తర్వాత షరతులు మీరితే, బెదిరిస్తే, బెయిల్ రద్దు పిటిషన్ వేయాలి. మొదటి రకానికి రెండో రకం పిటిషన్ వేసి నెలలు పోగొట్టుకుంటారు, లాయరుతో ఇది ముందే తేల్చుకోండి.

బెదిరింపులు, రాజీ, ఎదురు కేసు

ప్రతి బెదిరింపునూ తేదీ, సమయం, చోటు, విన్నవాళ్లతో ఒక నోటుబుక్కులో రాయండి. కాల్ వస్తే రికార్డింగ్ ఉంచుకోండి. స్టేషన్‌లో కొత్త ఫిర్యాదు ఇవ్వండి, దాని కాపీతో ప్రత్యేక కోర్టులో 15ఏ కింద రక్షణ కోరండి. నివాసం మార్చాల్సి వస్తే దానికీ, కోర్టుకు రాకపోకల ఖర్చుకూ కూడా అడగవచ్చు.

బెయిల్ పిటిషన్ పడిన రోజుల్లోనే పెద్దమనుషులు రాజీ మాట ఎత్తుతారు. పంచాయితీలో కాగితం మీద సంతకం పెడితే అది బెయిల్ పిటిషన్‌కు జతపడుతుంది. ఈ చట్టం కింది నేరాలు ఊళ్లో రాజీ చేసుకునేవి కావు. మీ నిర్ణయం ఏదైనా, లాయరుకు చూపించకుండా ఏ కాగితం మీదా సంతకం పెట్టొద్దు.

అవతలివాళ్లు మీ మీద ఎదురు కేసు పెడితే కంగారు పడకండి. అది మామూలు సెక్షన్ల కేసు కాబట్టి అందులో మీరు ముందస్తు బెయిల్ అడగొచ్చు, సెక్షన్ 18 అడ్డు రాదు. ఇంట్లో సంపాదించే మనిషి పేరు అందులో ఉంటే ఆ పిటిషన్ ముందు వేయించండి. ఎదురు కేసు ఎఫ్ఐఆర్ తేదీ, సమయం చూసుకుని, మీ కేసు తర్వాత ఎన్ని రోజులకు పెట్టారో బెయిల్ అభ్యంతరంలో కూడా ఒక లైను రాయించండి.